పుట్టుక మీద ముద్ర

గుంటూరు, ప్రకాశం మైదానాలు పత్తికి, మిరపకు పేరుపొందిన నేలలు. ఆ నల్లరేగడి చేలను దాటి సముద్రం వైపు సాగితే మొదట వరిపొలాలు, ఆపైన ఇసుక దిబ్బలు, తాటితోపులు కనిపిస్తాయి. అక్కడ విజయవాడ–చెన్నై రైలుమార్గంలో బాపట్లకు, చీరాలకు నడుమ ఒక చిన్న స్టేషను ఉంది. దాని పేరు స్టూవర్టుపురం.

ఆ పేరు వినగానే తెలుగువారిలో చాలామందికి స్ఫురించే మాట ఒక్కటే: దొంగలు. ఊరిని ఎన్నడూ చూడనివారికి సైతం ఆ మాట తెలుసు. ఆ ఊరిలో పుట్టిన యువకుడు ఉద్యోగానికి దరఖాస్తు నింపేటప్పుడు, పట్టణంలో అద్దె ఇల్లు వెతుక్కొనేటప్పుడు స్వగ్రామం పేరు చెప్పడానికి ఒక్క క్షణం తటపటాయించవలసి వస్తుంది. "బాపట్ల దగ్గర" అని చెప్పి ఊరుకొనేవారు ఉన్నారు. తాను చేయని పనికి, కేవలం తన పుట్టుకను బట్టి, తాను పుట్టిన దేశంలోనే మనిషి సంజాయిషీ చెప్పుకోవలసిన ఈ స్థితి ఎట్లా వచ్చింది? దైవవశాత్తు వచ్చినది కాదు. దానికి ఒక చట్టం ఉంది, ఒక తేదీ ఉంది, కొన్ని రిజిస్టర్లు ఉన్నాయి.

స్టూవర్టుపురంలో ఎక్కువమంది ఎరుకలవారు. ఎరుక చెప్పడం, అంటే సోది చెప్పడం, వారి స్త్రీల వృత్తి కావడం వల్ల ఆ పేరు వచ్చిందని అంటారు. ఇంటిలో వారు మాట్లాడుకొనే భాష తెలుగు కాదు. తమిళానికి దగ్గరి చుట్టమైన ఒక ద్రావిడ భాష. ఊరివారితో మాత్రం తెలుగే. వారిలో అనేక శాఖలు ఉన్నాయి. ఉప్పు ఎరుకలవారు, కరివేపాకు ఎరుకలవారు, వెదురు బద్దలతో తట్టలు, బుట్టలు అల్లే దబ్బ ఎరుకలవారు, మగ్గానికి కావలసిన కుంచెలు చేసే కుంచె ఎరుకలవారు అని వారి పేర్లే వారి వృత్తులను చెబుతాయి. ఈ పేర్లలో దొంగతనం ఎక్కడా లేకపోవడం గమనింపదగినది.

వీరిలో ఉప్పు వ్యాపారం చేసినవారి కథ కొంత వివరంగా తెలుసుకోవాలి. తీరంలోని ఉప్పుకొఠార్ల వద్ద ఉప్పు కొని, గాడిదల మీద, ఎడ్ల మీద పెరికెలకెత్తి, బండిబాటలు కూడా లేని మెట్ట గ్రామాలకు చేరవేయడం వారి పని. తిరుగు ప్రయాణంలో అక్కడి ధాన్యాన్ని, అడవి సరుకును తీసుకువచ్చేవారు. వాన పడి దారులు మూసుకుపోయే లోపల ఉప్పు రాకపోతే మెట్ట గ్రామాలకు ఇబ్బందే. అందువల్ల ఎరుకలవారు ఊరికి అపరిచితులు కారు. ఏటేటా వచ్చిపోయే వర్తకులు. ఉప్పు మీద ప్రభుత్వం గుత్తాధిపత్యం బిగించడంతో ఆ వ్యాపారానికి తొలి దెబ్బ తగిలింది. 1876–78 నాటి మహాక్షామంలో పశువులు చచ్చిపోయాయి. అడవి చట్టాలు వెదురును, మేతను దూరం చేశాయి. చివరకు రైలు వచ్చింది. 1899లో బెజవాడ–మద్రాసు మార్గం పూర్తి కావడంతో ఎడ్ల మీద నెలల తరబడి మోసే సరుకు ఒక్క రోజులో చేరసాగింది. బండ్లలో వచ్చిన ఉప్పు ముందు పెరికె ఉప్పు నిలవలేదు. దారి మీద బతికినవారికి దారి మిగిలింది గాని సరుకు మిగలలేదు.

సరుకు లేకుండా తిరిగే మనిషిని పాలకులు అనుమానంతో చూశారు. స్థిరమైన ఇల్లు, పొలం, పన్ను కట్టే చిరునామా లేని ప్రజలు ఆనాటి అధికారులకు అంతుపట్టని సమస్య. 1871లో ఉత్తర భారతంలో అమలులోకి వచ్చిన నేరస్థ తెగల చట్టం ఈ అనుమానానికి శాసనరూపం ఇచ్చింది. దాని వెనుక ఉన్న వాదం వినడానికి తార్కికంగా తోస్తుంది: ఈ దేశంలో నేతగాని కొడుకు నేతగాడు, వడ్రంగి కొడుకు వడ్రంగి, కనుక దొంగ కొడుకు దొంగ. కులవ్యవస్థను విమర్శించే పాలకులే ఆ వ్యవస్థను ఆధారం చేసుకొని ఒక నేరశాస్త్రాన్ని తయారు చేయడం విడ్డూరం. 1911లో ఆ చట్టాన్ని తిరగరాసి మద్రాసు ప్రెసిడెన్సీతో సహా బ్రిటిషు ఇండియా అంతటికీ విస్తరించారు. ఎరుకలవారితోపాటు సుగాలీలు, దొంగ దాసరులు, యానాదులలో కొందరు ఆ చట్టం కిందికి వచ్చారు.

చట్టం పని చేసే తీరు ఇది. ప్రభుత్వం ఒక తెగను నేరస్థ తెగగా గెజెట్టులో ప్రకటిస్తుంది. ఆ ప్రకటన సరైనదా కాదా అని ఏ న్యాయస్థానమూ విచారించడానికి వీలులేదు. ప్రకటన వెలువడిన తరువాత ఆ తెగవారి పేర్లు రిజిస్టరుకు ఎక్కుతాయి; వేలిముద్రలు తీసుకొంటారు. వేలిముద్రలను బట్టి మనిషిని గుర్తించే మొదటి కార్యాలయం 1897లో కలకత్తాలో ఏర్పడింది. ఆ శాస్త్రం ఈ నేల మీదనే పెరిగింది. రిజిస్టరులోకి ఎక్కినవాడు చెప్పిన వేళకు హాజరు పలకాలి. వేరే ఊరికి వెళ్లాలంటే పాసు తీసుకోవాలి. పాసు లేకుండా పొలిమేర దాటితే అదే నేరం. పేర్కొన్న నేరాలలో రెండవసారి శిక్ష పడితే ఏడేళ్లకు తక్కువ కాని జైలు; మూడవసారి అయితే ద్వీపాంతరవాసం. అదే నేరం మరొక కులస్థుడు చేస్తే మామూలు శిక్షాస్మృతి వర్తిస్తుంది. నేరం ఒక్కటే అయినా పుట్టుకను బట్టి శిక్ష మారిందన్నమాట.

రాత్రి హాజరు నియమం ఎంత కష్టమైనదో కూలి చేసుకొనేవారికి బాగా తెలుస్తుంది. మిరప కోతలకు, పత్తి తీతకు కూలీలు ఊరు విడిచి వారాల తరబడి చేల దగ్గర ఉండిపోవడం ఈ మైదానాలలో పరిపాటి. రాత్రి హాజరుకు తప్పక తిరిగి రావలసిన మనిషికి అటువంటి పని దొరకదు. పని లేనివాడు ఎట్లా బతుకుతున్నాడని అడిగే పోలీసుకు వాడి పేదరికమే సాక్ష్యంగా కనిపిస్తుంది.

1911 చట్టం మరొక అడుగు ముందుకు వేసి, ఇటువంటి తెగలను ప్రత్యేక స్థావరాలలో ఉంచడానికి అధికారమిచ్చింది. వాటినే ప్రజలు సెటిల్‌మెంట్లు అన్నారు. నిర్వహణ చాలాచోట్ల క్రైస్తవ మిషనరీ సంస్థలకు అప్పగించబడింది. నెల్లూరు జిల్లా కావలి, బిట్రగుంటలలో అమెరికన్ బాప్టిస్టు మిషను, కృష్ణ ఒడ్డున సీతానగరంలోను, బాపట్ల దగ్గర స్టూవర్టుపురంలోను సాల్వేషన్ ఆర్మీ ఆ బాధ్యత వహించాయి. స్టూవర్టుపురం 1913లో వెలిసింది. ఊరికి పేరు ఇచ్చిన సర్ హెరాల్డ్ స్టూవర్ట్ మద్రాసు గవర్నరు కార్యనిర్వాహక మండలి సభ్యుడు. ఆయన 1891లో మద్రాసు ప్రెసిడెన్సీ జనాభా లెక్కలు జరిపించిన అధికారి. 1904లో ఏర్పడిన భారత నేరపరిశోధన విభాగానికి తొలి అధిపతి. మనుషులను లెక్కపెట్టి కులాలుగా విభజించిన చేతికే తరువాత వారి మీద నిఘా పెట్టే పనీ దక్కింది. ఒక ఊరికి అటువంటి పేరు పెట్టడం ఆనాడు గౌరవంగానే భావించి ఉంటారు.

సాల్వేషన్ ఆర్మీ ఉద్దేశాన్ని పూర్తిగా తప్పుపట్టడం న్యాయం కాదు. భారతదేశంలో ఆ సంస్థకు నాయకత్వం వహించిన ఫ్రెడరిక్ బూత్ టక్కర్ జైలుకన్న సంస్కరణ మేలని నమ్మినవాడు. సెటిల్‌మెంటులో బడి నడిచింది, వైద్యం అందింది, కొందరికి సేద్యానికి భూమి దొరికింది. అయితే అందరినీ పోషించడానికి సేద్యం చాలలేదు. చీరాలలోని పొగాకు కంపెనీకి స్త్రీలు, పురుషులు కూలికి వెళ్లారు. ఎక్కడ పని చేయాలో, ఎప్పుడు తిరిగి రావాలో నిర్ణయించే స్వేచ్ఛ వారికి లేనప్పుడు కంపెనీకి అంతకన్న నమ్మకమైన కూలీలు దొరకరు. సీతానగరంలో వారి చేత రాళ్లు కొట్టించారు. చట్టం తల్లిదండ్రుల నుండి పిల్లలను వేరు చేసి ప్రత్యేక పాఠశాలలలో ఉంచడానికి కూడా అనుమతి ఇచ్చింది. దొంగతనం రక్తంలో ఉన్నదని చెప్పిన చట్టమే, తల్లి ఒడి నుండి తీసివేస్తే అది పోతుందని నమ్మడంలో ఉన్న వైరుధ్యం ఎవరికీ తోచినట్లు లేదు.

తెగ అంతటినీ నేరస్థులుగా ముద్రించడం అన్యాయమని తెలుగు నేల మీదనే గట్టిగా అన్నవారు ఉన్నారు. నెల్లూరుకు చెందిన వెన్నెలకంటి రాఘవయ్య యానాదుల, ఎరుకల గుడిసెల మధ్య తిరిగి, ఈ చట్టం నుండి వారిని తప్పించడానికి జీవితకాలం శ్రమించాడు. 1936లో నెల్లూరుకు వచ్చిన జవహర్‌లాల్ నెహ్రూ, ఒక తెగను తెగగా నేరస్థమని ప్రకటించడం నాగరిక న్యాయసూత్రాలకు విరుద్ధమని ఖండించాడు. మద్రాసు ప్రభుత్వం 1947లో తన పరిధిలో చట్టాన్ని తొలగించింది. 1949లో కేంద్రం నియమించిన విచారణ సంఘానికి తిరుపతి ప్రాంతానికి చెందిన అనంతశయనం అయ్యంగారు అధ్యక్షుడు. ఆ సంఘం సిఫారసు మీద 1952 ఆగస్టు 31న దేశమంతటా నేరస్థ తెగల చట్టం రద్దయింది. ఆనాటి నుండి ఈ ప్రజలను విముక్త జాతులు అంటున్నారు. ఆగస్టు 31ని వారు తమ విముక్తిదినంగా జరుపుకొంటారు. దేశానికి ఆగస్టు 15న వచ్చిన స్వాతంత్ర్యం వారికి అయిదేళ్ల పదహారు రోజులు ఆలస్యంగా అందింది.

అదే 1952లో, నాలుగు నెలల ముందు, ఆసియా ఖండపు మరొక కొనలో దీనికి సరిగ్గా వ్యతిరేకమైన సంఘటన జరిగింది. 1910 నుండి 1945 వరకు కొరియా జపాను ఏలుబడిలో ఉన్నది. ఆ కాలంలో లక్షలాది కొరియన్లు బతుకుతెరువుకు వెళ్లి, మరి కొందరు యుద్ధకాలంలో బలవంతపు పనికి తీసుకుపోబడి, జపానులో స్థిరపడ్డారు. యుద్ధం ముగిశాక చాలామంది స్వదేశానికి మరలినా సుమారు ఆరు లక్షల మంది అక్కడే ఉండిపోయారు. 1952 ఏప్రిల్ 28న జపాను తిరిగి సార్వభౌమత్వం పొందిన రోజుననే ఆ కొరియన్లందరూ జపాను పౌరసత్వాన్ని కోల్పోయారు. అక్కడే పుట్టి, జపాను భాష తప్ప మరొకటి రానివారు సైతం ఆ రోజు నుండి విదేశీయులు. విదేశీయుల నమోదు చట్టం కింద 1955 నుండి వారి వేలిముద్రలు తీసుకోవడం మొదలయింది. 1980వ దశకంలో పదహారేళ్లు నిండిన ప్రతి కొరియన్ బాలుడు, బాలిక స్థానిక కార్యాలయానికి వెళ్లి ఎడమచేతి చూపుడువేలికి సిరా పూయించుకోవలసి వచ్చేది. ఇంటర్మీడియట్ చదువులో అడుగుపెట్టే వయసు అది. పక్కన కూర్చొని చదివే జపాను స్నేహితునికి ఆ అవసరం లేదు.

చాలామంది కొరియన్లు బయట జపాను పేర్లు పెట్టుకొని తిరిగారు, నేటికీ తిరిగేవారున్నారు. పార్క్ చోంగ్‌సోక్ అనే యువకుడు 1970లో జపాను పేరుతో హిటాచీ కంపెనీలో ఉద్యోగానికి ఎంపికయ్యాడు. నమోదు పత్రం అడిగినప్పుడు తాను కొరియన్‌నని చెప్పాడు. కంపెనీ ఉద్యోగం ఇవ్వలేదు. అతడు న్యాయస్థానానికి వెళ్లాడు. 1974లో యొకొహామా జిల్లా కోర్టు అతని పక్షాన తీర్పు చెప్పింది. 1980లో హాన్ జోంగ్‌సోక్ అనే కొరియన్ తోక్యో నగరంలో వేలిముద్ర వేయడానికి నిరాకరించాడు. అతనిని చూసి వేలాది మంది నిరాకరించారు. 1993 నుండి తరతరాలుగా అక్కడ స్థిరపడిన కొరియన్లకు ఆ నిబంధన తొలగిపోయింది.

ఎరుకలవారి స్థితి, ఈ కొరియన్ల స్థితి ఒక్కటి కాదు. ఎరుకలవారి పౌరసత్వాన్ని స్వతంత్ర భారతంలో ఎవరూ ప్రశ్నించలేదు. రాజ్యాంగం వారికి ఓటు ఇచ్చింది, షెడ్యూల్డు తెగగా కొన్ని రక్షణలు కల్పించింది. కొరియన్లను చట్టం పరాయివారన్నది. ఎరుకలవారిని చట్టం నేరస్థులన్నది. అయినా బాపట్ల దగ్గర అని చెప్పి ఊరుకొనే యువకుడు, జపాను పేరు వెనుక దాగిన యువకుడు ఒకరినొకరు కలుసుకొంటే వివరించి చెప్పుకోవలసినది చాలా తక్కువగా ఉంటుంది.

1952 తరువాత కథ ముగిసిందని అనుకోవడానికి లేదు. నేరస్థ తెగల చట్టం స్థానంలో రాష్ట్రాలు అభ్యస్త నేరస్థుల చట్టాలు చేశాయి. మద్రాసులో అది 1948లోనే వచ్చింది. ఆంధ్రప్రదేశ్ చట్టం 1962 నాటిది. ఇవి తెగను కాక వ్యక్తిని, అతని పాత శిక్షలను చూస్తాయి. కాగితం మీద ఇది పెద్ద మార్పు. కాని పాత రిజిస్టర్లను చూసి పెరిగిన పోలీసు యంత్రాంగానికి అనుమానితుల కోసం ఎక్కడ వెతకాలో ముందే తెలుసు. ఎక్కడో దొంగతనం జరిగితే ఇక్కడ తలుపు తట్టడం అలవాటుగా సాగింది. తలుపు తీసినవాడు బడిపంతులా, రైలు ఉద్యోగా అన్న భేదం ఆ అలవాటుకు పట్టదు.

స్టూవర్టుపురంలో దొంగతనాలు చేసినవారే లేరని ఎవరూ అనరు. పేరుమోసిన దొంగలు అక్కడ ఉన్నారు; వారి కథలు తీరప్రాంతమంతా చెప్పుకొంటారు. ఏ ఊరిలోనైనా నేరం చేసినవాడికి అతని పేరు అంటుకొంటుంది. ఇక్కడ మాత్రం నలుగురి పని ఊరందరికీ ఇంటిపేరయింది. ఆ ఇంటిపేరును సినిమాలు మరింత ప్రచారం చేశాయి. 1991లో ఒక్క సంవత్సరంలోనే ఆ ఊరి పేరుతో రెండు తెలుగు చిత్రాలు వచ్చాయి: స్టూవర్టుపురం దొంగలు, స్టూవర్టుపురం పోలీస్ స్టేషన్. ఒక ఊరి పేరు పక్కన ఈ రెండు మాటలు తప్ప మూడవది రాయడానికి తోచకపోవడం ఆ ఊరి లోపం కాదు. 2023లో ఆ ఊరికి చెందిన ఒక దొంగ జీవితం ఆధారంగా టైగర్ నాగేశ్వరరావు అనే చిత్రం వచ్చినప్పుడు, తమను కించపరుస్తున్నారని ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో వ్యాజ్యం పడింది. నోరు మూసుకొని భరించిన తరాల తరువాత కోర్టు మెట్లెక్కిన తరం వచ్చిందనడానికి అది గుర్తు.

ఈ మార్పు వెనుక కొందరి శ్రమ ఉంది. మహాకవి గుర్రం జాషువా వినుకొండ ప్రాంతంవాడు. అంటరానితనం చేసిన గాయాన్ని స్వయంగా అనుభవించినవాడు. ఆయన కుమార్తె హేమలతా లవణం, ఆమె భర్త లవణం 1970వ దశకంలో స్టూవర్టుపురానికి వచ్చి పని ప్రారంభించారు. లవణం నాస్తికోద్యమ నాయకుడు గోరా కుమారుడు. మొదటి సెటిల్‌మెంటు అధికారులకు, వీరికి ఒక ముఖ్యమైన తేడా ఉంది. వీరి చేతిలో హాజరు పట్టీ లేదు. నేరజీవితం వదలదలచుకొన్నవారితో ఇంటింటికీ వెళ్లి మాట్లాడడం, పిల్లలను చదువు వైపు మళ్లించడం, అధికారులకు ఊరి పక్షాన చెప్పడం వారు ఎంచుకొన్న మార్గం. ఇందుకోసం సంస్కార్ అనే సంస్థను స్థాపించారు. ఒకరి పుట్టుకను బట్టి వారిని తీర్పు తీర్చడం అంటే ఏమిటో జాషువా కుమార్తెకు పుస్తకాలలో చదివి తెలుసుకోవలసిన అవసరం లేకపోయింది.

స్టూవర్టుపురానికి నేడు మరొక ప్రసిద్ధి కూడా ఉంది. అది బరువులెత్తే క్రీడాకారుల ఊరు. అక్కడ పుట్టిన రాగాల వెంకట్ రాహుల్ 2014లో నాన్‌జింగ్ యువ ఒలింపిక్స్‌లో రజత పతకం సాధించాడు. 2018లో ఆస్ట్రేలియాలోని గోల్డ్ కోస్ట్ నగరంలో జరిగిన కామన్వెల్త్ క్రీడలలో 85 కిలోల విభాగంలో మొత్తం 338 కిలోలు ఎత్తి స్వర్ణ పతకం గెలిచాడు. ఆ విజయాన్ని దేశమంతా వార్తగా చదివింది. అయితే ఆ వార్తలలో పలుచోట్ల అతని ఊరిని పరిచయం చేయడానికి వాడిన మొదటి మాట పాతదే. పతకం తెచ్చినవాడు వేరే ఊరివాడైతే ఆ ఊరి గతచరిత్ర ఎవరికీ గుర్తుకు రాదు.

చట్టపు మాటలలో కూడా పాత ముద్ర ఇంకా పూర్తిగా చెరగలేదని 2024లో సుప్రీంకోర్టు ముందుకు వచ్చిన ఒక కేసు బయటపెట్టింది. సుకన్య శాంత అనే పాత్రికేయురాలు వేసిన పిటిషనులో, పలు రాష్ట్రాల కారాగార నియమావళులలో కులాన్ని బట్టి పనులు పంచే నిబంధనలతోపాటు, సంచార తెగలవారిని, విముక్త జాతులవారిని పుట్టుకతోనే నేరస్వభావం గలవారుగా ఎంచే మాటలు ఇంకా ఉన్నాయని తేలింది. రద్దయి డెబ్బై రెండేళ్లు గడిచిన చట్టం జైలు పుస్తకాలలో నిక్షేపంగా ఉన్నది. 2024 అక్టోబరు 3న ఇచ్చిన తీర్పులో కోర్టు ఆ నిబంధనలు రాజ్యాంగ విరుద్ధమని కొట్టివేసింది. ఒక తెగలో పుట్టినంత మాత్రాన ఎవరినీ అభ్యస్త నేరస్థుడిగా భావించరాదని, విముక్త జాతులవారిని ఇష్టానుసారం అరెస్టు చేయకుండా పోలీసులు జాగ్రత్త వహించాలని ఆదేశించింది. నియమావళులను సవరించడానికి రాష్ట్రాలకు మూడు నెలలు గడువు ఇచ్చింది. ఖైదీల రిజిస్టర్లలో కులం రాసే గడిని తొలగించాలని చెప్పింది.